మట్టెల వేలూ, డార్విన్ ముక్కూ

నా రెండు కాళ్ళకీ మట్టెల వేలు బొటనవేలికంటే పొడుగు. ఎంతో కాదు, బియ్యపుగింజంత. ఆ బియ్యపుగింజ ఒకసారి నాకు రాబోయిన పెళ్ళి తప్పించింది.

అప్పటికి నాకు పంతొమ్మిదేళ్ళు. పెళ్ళిచూపులకి వచ్చినవాళ్ళలో పెళ్ళికొడుకు మేనత్తగారు పెద్దదిక్కు. జంఖానా మీద కూర్చున్న నన్ను కాసేపు చూసి, "ఏదమ్మా, అలా వంటింట్లోకి వెళ్ళి కాసిని మంచినీళ్ళు పట్రా" అన్నారావిడ. తెచ్చాను. గ్లాసు అందుకున్నారు గాని ఆవిడ చూపు గ్లాసు మీద లేదు, నా పాదాల మీద ఉంది. వారం తిరక్కుండానే జాతకాలు కుదరలేదని కార్డు వచ్చింది. అసలు సంగతి మధ్యవర్తి మా అమ్మ చెవిలో వేసి వెళ్ళాడు. మట్టెల వేలు పొడుగైన పిల్ల మొగుణ్ణి కొంగున ముడేసుకుంటుందట, అటువంటి పిల్ల మా ఇంటికి వద్దన్నారట.

మా నాన్న నవ్వేశారు. మా అమ్మ నవ్వలేదు. నేను మాత్రం చాలా రోజులు పాదాలు కుచ్చెళ్ళ కింద దాచుకుని నడిచాను. తర్వాత వేరే సంబంధం కుదిరింది. పెళ్ళయింది. మట్టెలు ఆ వేళ్ళకే పెట్టారు. మావారిని కొంగున ముడేసుకున్నానో లేదో ఆయన్నే అడగాలి. అడిగితే ఆయన పేపరు అడ్డం పెట్టుకుంటారు.

ఎప్పుడో మరిచిపోయిన ఈ సంగతి డార్విన్ ముక్కు గురించి చదివినప్పుడు మళ్ళీ గుర్తొచ్చింది. నా వేలు ఒంటరిది కాదు, దానికి చాలా గొప్ప తోడే ఉందన్నమాట!

అది 1831. ఇంగ్లండులో చార్లెస్ డార్విన్ అనే ఇరవై రెండేళ్ళ కుర్రాడు. తండ్రి వైద్యం చదివిస్తే మధ్యలో మానేశాడు. పోనీ ఫాదరీ అవుతాడేమోనని కేంబ్రిడ్జిలో చేర్పిస్తే డిగ్రీ అయితే తెచ్చుకున్నాడు గాని, మనసంతా పురుగుల మీదా రాళ్ళ మీదానే. అప్పుడే 'బీగిల్' అనే ఓడ దక్షిణ అమెరికా తీరాలు కొలవడానికి బయల్దేరుతోంది. ఆ ఓడ కెప్టెను ఫిట్జ్‌రాయ్‌కి ప్రకృతిశాస్త్రం తెలిసిన తోడు ఒకరు కావాలి. డార్విన్‌ని చూడ్డానికి పిలిచాడు. ఒకరకంగా అవీ పెళ్ళిచూపులే. కెప్టెను వయసూ ఎంతో లేదు, ఇరవై ఆరు.

ఆ కెప్టెనుగారికి ముఖం చూసి గుణం చెప్పే శాస్త్రం మీద గట్టి నమ్మకం. డార్విన్ ముక్కు చూడగానే ఆయనకి సందేహం పట్టుకుంది. ఇలాంటి ముక్కున్నవాడికి అంత దూరం ప్రయాణం చేసే పట్టుదలా చురుకుదనమూ ఉంటాయా అని! ఈ సంగతి డార్విన్ పెద్దతనంలో రాసుకున్న ఆత్మకథలో సరదాగా చెప్పుకున్నాడు. ఆ ముక్కు మాట నమ్మదగింది కాదని కెప్టెనుకి తర్వాత బాగానే తెలిసొచ్చి ఉంటుందని కూడా అన్నాడు. తెలిసిరాక ఏం చేస్తుంది? ఓడ 1836లో ఇల్లు చేరేదాకా, దాదాపు అయిదేళ్ళు, సముద్రపు తిప్పు వేధిస్తున్నా ఆ కుర్రాడు వెనుదిరగలేదు. ఆ ప్రయాణంలో చూసినవాటి గురించి ఇరవై ఏళ్ళకి పైగా ఆలోచించి, 1859లో జీవజాతుల పుట్టుక మీద పుస్తకం వేస్తే ప్రపంచం అదిరిపడింది.

మేనత్తగారికీ కెప్టెనుగారికీ తేడా ఒక్కటే. ఆయన సందేహిస్తూనే ఓడ ఎక్కించుకున్నాడు.

కెప్టెను నమ్మిన ఆ శాస్త్రానికి గురువు యోహాన్ లావాటెర్. స్విట్జర్లండులో జూరిచ్ నగరంలో మతబోధకుడు. 1775 నించి 1778 దాకా నాలుగు పెద్ద సంపుటాలు అచ్చువేశాడు. నుదురు ఇలా ఉంటే ఇటువంటివాడు, గడ్డం అలా ఉంటే అటువంటివాడు అని పేజీ పేజీకీ బొమ్మలు. మహాకవి గేటే కూడా మొదట్లో ఆయనకి సాయం చేశాడు. ఆ పుస్తకం యూరపంతా పాకిపోయింది. పనివాళ్ళని కుదుర్చుకునేటప్పుడు కూడా జనం అందులోని బొమ్మలు తిప్పి చూసేవారట.

అప్పుడు ఎదురుతిరిగిన మనిషి ఒకాయన ఉన్నాడు. జర్మనీలో గోటింగెన్‌లో భౌతికశాస్త్రం చెప్పే లిహ్టెన్‌బెర్గ్. ఆయన గూనివాడు. వెన్ను వంకరైతే మనసు కూడా వంకరేనా అన్న ప్రశ్న ఆయనకి పుస్తకాల్లోది కాదు, వీపు మీదది. ఈ ముఖశాస్త్రాన్ని ఇలాగే పెరగనిస్తే, నేరం చెయ్యకముందే మొహం చూసి పిల్లల్ని ఉరితీసే రోజు వస్తుందని ఆయన వెక్కిరించాడు. ఆ మాట జ్ఞాపకం పెట్టుకోండి, మళ్ళీ దానితో పని ఉంది.

తెల్లవాళ్ళని అనడమెందుకు, మనకి సాముద్రికం లేదా? ఆరో శతాబ్దంలో ఉజ్జయిని ప్రాంతంలో ఉన్న వరాహమిహిరుడు 'బృహత్సంహిత'లో వానల రాకడనించి రత్నాల మేలుదాకా అన్నీ చెప్పాడు. మగవాళ్ళ లక్షణాలకొక అధ్యాయం, ఆడపిల్లల లక్షణాలకొకటి. బొటనవేలిని మించిన పక్కవేలి ప్రసక్తి కూడా అందులో ఉంది. ఆ వేలున్న ఆడదాన్ని ఆయన ఏమన్నాడో ఇక్కడ రాయను. దానికంటే మేనత్తగారన్నదే చాలా నయం.

కాని ఏమాటకామాటే చెప్పుకోవాలి. ఆ పుస్తకంలోనే స్త్రీలని మెచ్చుకుంటూ ఇంకో అధ్యాయం ఉంది. వైరాగ్యం పేరు చెప్పి ఆడవాళ్ళ తప్పులే ఎంచి, వాళ్ళ గుణాలు వదిలేసేవాళ్ళని అందులో గట్టిగా మందలిస్తాడు. ఆడవాళ్ళలో ఉన్న ఏ దోషం మగవాళ్ళలో లేదని నిలదీస్తాడు. పెళ్ళిచూపులకి వచ్చేవాళ్ళందరూ మొదటి అధ్యాయమే కంఠతా పట్టి, రెండోదాన్ని ఎందుకు వదిలేశారో మరి!

ఇలాంటిదే గ్రీకుదేశపు పాతకథ ఒకటి రోమన్ పండితుడు సిసిరో రాసిపెట్టాడు. జోపిరస్ అనేవాడు ముఖలక్షణాలు చూసి గుణం చెప్పడంలో దిట్ట. సోక్రటీసుని చూసి, వీడు మందబుద్ధి, పైగా స్త్రీలోలుడు అని తేల్చేశాడు. చుట్టూ ఉన్నవాళ్ళు పగలబడి నవ్వారు. సోక్రటీసు మాత్రం అతన్ని వెనకేసుకొచ్చాడట. ఆ అవలక్షణాలు నాకు పుట్టుకతో ఉన్నవే, వివేకంతో వాటిని గెలిచాను అన్నాడట. నిజంగా జరిగిందో లేదో గాని, ఎంత చక్కటి జవాబు చూడండి! పుట్టుకతో వచ్చింది ఒకటి, మనిషి తనంతట తాను చేసుకున్నది ఇంకొకటి. మొదటిది ముఖం మీద కనిపించినా కనిపించవచ్చు. రెండోది కనపడేది మాత్రం అతను బతికిన తీరులోనే.

ఇంతవరకూ నవ్వుకోవచ్చు. ఈ సరదా చేతికి టేపూ, చట్టమూ వచ్చాక కథ మారింది.

1876లో ఇటలీ వైద్యుడు చెజారే లాంబ్రోసో నేరస్థుల మీద పెద్ద పుస్తకం రాశాడు. విల్లెల్లా అనే దొంగ పుర్రె కోసి చూస్తే లోపల ఓ చిన్న గుంట కనిపించిందట. దాంతో ఆయనకి జ్ఞానోదయమైంది. కొందరు పుట్టుకతోనే నేరస్థులు, వాళ్ళకి దవడలు పెద్దవి, చెవులు బయటికి పొడుచుకొచ్చి ఉంటాయి, చేతులు పొడుగు అని జాబితా తయారుచేశాడు. 1893లో నేరం చేసే ఆడవాళ్ళ మీద ఇంకో పుస్తకం. అందులో ఏ నేరమూ చెయ్యని మామూలు ఆడవాళ్ళని కూడా మగవాడికంటే ఒక మెట్టు దిగువ పెట్టాడు, పనిలో పనిగా.

లిహ్టెన్‌బెర్గ్ భయపడ్డది ఇదే. అయితే కొలతకి జవాబు కొలతే చెప్పింది. ఇంగ్లండులో చార్లెస్ గోరింగ్ అనే జైలు డాక్టరు సుమారు 3,000 మంది ఖైదీల కొలతలు తీసి, నేరం చెయ్యని సిపాయిలతోనూ విద్యార్థులతోనూ పోల్చి 1913లో పుస్తకం వేశాడు. లాంబ్రోసో చెప్పిన ఆ 'నేరస్థుడి ముఖం' అందులో ఎక్కడా దొరకలేదు.

లాంబ్రోసో పోగుచేసిన పుర్రెలన్నీ ట్యూరిన్ నగరంలో మ్యూజియంగా ఉన్నాయి. ఆయన కోరిక ప్రకారం ఆయన అస్థిపంజరం కూడా అక్కడే నిలబడి ఉంది.

మ్యూజియమంటే మన మద్రాసు మ్యూజియం గుర్తొస్తోంది. ఎగ్మూరులో 'చచ్చిన కాలేజీ' అని జనం ముద్దుగా పిలుచుకునేదే. 1885 నించి దానికి సూపరింటెండెంటు ఎడ్గర్ థర్‌స్టన్ అనే దొర. మద్రాసు రాజధాని అంతా, అంటే అప్పటి మన కోస్తా, రాయలసీమ జిల్లాలతో సహా, తిరిగి జనం తలలూ ముక్కులూ కొలిచాడు. దక్షిణదేశపు కులాలు, తెగల మీద 1909లో ఏడు సంపుటాలు అచ్చువేశాడు. అందులో ఆయనే ఒక సంగతి దాచకుండా చెప్పుకున్నాడు. వయనాడు కొండల్లో పణియ ఆడవాళ్ళు ఈయన్ని చూడగానే పరుగుపుచ్చుకున్నారట. తమలో చక్కగా ఉన్నవాళ్ళని ఏరి, చంపి, లోపల గడ్డి కుక్కి మద్రాసు మ్యూజియంలో నిలబెడతాడని వాళ్ళ భయం! దొరకది నవ్వులాట. కాని ఎవరో ఊరూపేరూ లేని మనిషి వచ్చి, పలకరింపైనా లేకుండా, ఇనప పరికరంతో ముక్కు వెడల్పు కొలిచి రాసుకుపోతుంటే వాళ్ళు మరేమనుకోవాలి?

ఆ ముక్కు లెక్క చాలా సులువు. ముక్కు వెడల్పుని ఎత్తుతో భాగించి నూరుతో హెచ్చించడం. 70కి లోపైతే సన్నముక్కు, 85 దాటితే చప్పిడిముక్కు. 1901 జనాభా లెక్కలకి అధికారిగా ఉన్న హెర్బర్టు రిస్లీ దొర ఇంకా ముందుకెళ్ళాడు. ముక్కు ఎంత వెడల్పైతే కులం అంత దిగువ అని సూత్రమే చేశాడు. కోటేరు ముక్కుకి పెద్దపీట, చప్పిడి ముక్కుకి గుమ్మం బయట! బొంబాయిలో సమాజశాస్త్రం చెప్పిన ఘుర్యేగారు 1932లో ఆ లెక్కల్నే మళ్ళీ తిరగేసి చూశారు. ఉత్తరాదిలో ఒక్క ప్రాంతంలో తప్ప ఆ సూత్రం నిలవదని చూపించారు. అయితే పుస్తకం తప్పని తేలినంత తొందరగా మనసుల్లోంచి పోదుగా.

అన్నిటికన్నా పెద్ద అన్యాయం ముక్కుతో కాదు, పుట్టుకతో జరిగింది. 1871లో ఇంగ్లీషువాళ్ళు 'నేరస్థ జాతుల చట్టం' చేశారు. ఫలానా తెగలో పుట్టినవాళ్ళంతా నేరస్థులేనని దాని అర్థం. 1911లో అది మద్రాసు రాజధానికీ వచ్చింది. పేరు నమోదయినవాడు పోలీసుల ముందు హాజరు వేయించుకోవాలి. అనుమతి లేకుండా ఊరు దాటకూడదు. తర్వాత కొద్ది ఏళ్ళకే బాపట్ల దగ్గర ఎరుకలవాళ్ళ కోసం ఒక సెటిల్‌మెంటు కట్టి సాల్వేషన్ ఆర్మీకి అప్పగించారు. అదే స్టూవర్టుపురం. నేరం చెయ్యకముందే శిక్ష అని లిహ్టెన్‌బెర్గ్ ఎగతాళికన్న మాట, నూట ముప్ఫై ఏళ్ళకి మన రైలు దారిలో ఒక స్టేషనుగా వెలిసింది.

నా చిన్నప్పుడు రైలు ఆ స్టేషను సమీపిస్తుంటే పెట్టెలో పెద్దవాళ్ళు ఒకరికొకరు సైగ చేసుకుని సామాన్లు దగ్గరికి జరుపుకునేవాళ్ళు. నేనూ నా గుడ్డసంచీ ఒళ్ళోకి తీసుకునేదాన్ని. అప్పటికి ఆ చట్టం దేశమంతటా పోయింది కూడా, 1952లోనే రద్దయింది. మాకెవరూ చెప్పలేదు. చెప్పినా సంచీ ఒళ్ళోనే ఉండేదేమో! ఆ స్టూవర్టుపురం కుర్రాడే రాగాల వెంకట రాహుల్, 2018 కామన్వెల్తు క్రీడల్లో 338 కిలోల బరువెత్తి దేశానికి బంగారు పతకం తెచ్చాడు. ఆ రోజు పేపరు చూస్తూ నా గుడ్డసంచీ తలుచుకుని సిగ్గుపడ్డాను.

అయితే మనిషి ఒళ్ళు కొలవడమే తప్పా అంటే, కాదు. దేనికోసం కొలిచామన్నదే ప్రశ్న. నా ఎస్.ఎస్.ఎల్.సి. పుస్తకంలో 'గుర్తింపు చిహ్నములు' అని ఉంది. కుడి మోచేతి కింద ఒక పుట్టుమచ్చ, మెడకి ఎడమవైపు ఒకటి. మా హెడ్‌మాస్టరుగారు కళ్ళజోడు సర్దుకుని చూసి రాసుకున్నారు. మచ్చ ఉంది కనక ఈ పిల్ల మంచిదనీ రాయలేదు, చెడ్డదనీ రాయలేదు. ఈ పిల్ల ఈ పిల్లే అని రాశారు, అంతే.

ఆ మాస్టారి పనిని శాస్త్రంగా మలిచినవాడు పారిస్‌లో ఆల్ఫాన్స్ బెర్టియాన్. 1879లో పోలీసు కచేరీలో చిన్న గుమాస్తాగా చేరాడు. పట్టుబడ్డ ప్రతివాడూ దొంగపేరు చెపుతాడు, పాతవాడో కొత్తవాడో తేల్చుకోలేక పోలీసులు సతమతమయ్యేవాళ్ళు. పెద్దవాళ్ళ ఎముకలు మారవు గదా అని ఈయన పదకొండు కొలతలు ఏర్పరిచాడు. తల పొడుగు, వెడల్పు, కుడిచెవి, మధ్యవేలు, ఎడమపాదం వగైరా. పై అధికారి మొదట నవ్విపోయాడు. తర్వాతొచ్చిన అధికారి మూడు నెలలు గడువిచ్చాడు. గడువు తీరకముందే, 1883 ఫిబ్రవరిలో, దొంగపేరు చెప్పిన పాత నేరస్థుడొకడు దొరికిపోయాడు. ఆ ఏడాదే అలా దొరికినవాళ్ళు 49 మంది. ముక్కూ చెవీ ఎలా ఉన్నాయో ఏ ఊళ్ళో పోలీసు చదివినా ఒకే రూపం తోచేటట్టు వర్ణించే పద్ధతి కూడా ఆయనే నేర్పాడు.

అంత మంచి పనివాడు ఒక్క అడుగు గీత దాటాడు. 1894లో ఫ్రెంచి సైన్యంలో డ్రేఫస్ అనే యూదు అధికారి మీద దేశద్రోహ నేరం మోపారు. దొరికిన ఉత్తరం చేతిరాత అతనిదేనా అని బెర్టియాన్‌ని అడిగారు. చేతిరాత ఆయన విద్య కాదు. అయినా సరే, ఇది డ్రేఫస్ రాతే, తన రాత కానట్టు కనపడాలని తనే కావాలని మార్చి రాశాడని చిక్కుముళ్ళ లెక్కలతో వాదించాడు. అంటే రాత కలిసినా దోషే, కలవకపోయినా దోషే! డ్రేఫస్‌ని సముద్రం మధ్య దీవిలో పడేశారు. పాంకరే వంటి గణితశాస్త్రజ్ఞులు 1904లో ఆ లెక్కలు పరిశీలించి, వాటిలో పస లేదన్నారు. 1906లో డ్రేఫస్ నిర్దోషి అని తీర్పు వచ్చింది. ఈ మనిషెవరు అన్నదానికి జవాబు చెప్పినంతకాలం బెర్టియాన్ ఒప్పే. ఈ మనిషి ఎలాంటివాడు అన్నదాకా వెళ్ళేసరికి ఒక నిరపరాధి బతుకు పన్నెండేళ్ళు నాశనమైంది.

ఆ పదకొండు కొలతల్నీ వెనక్కి నెట్టింది వేలిముద్ర. అది మన దేశంలోనే చిగురించింది. 1858లో బెంగాల్‌లో జంగీపూరులో విలియం హెర్షెల్ అనే దొర, రోడ్డుకి కంకర తెచ్చే కంట్రాక్టరు రాజ్యధర్ కొనాయ్ చేత కాయితం మీద అరచెయ్యి అద్దించుకున్నాడు. రేపు 'ఇది నా సంతకం కాదు' అనకుండా ఉండాలని. తర్వాత కలకత్తాలో అజీజుల్ హక్ అనే లెక్కల పండితుడు పదివేళ్ళ ముద్రల్ని 1,024 అరల్లో సర్దే పద్ధతి కనిపెట్టాడు. హేమచంద్ర బోస్ దానికి మెరుగులు పెట్టాడు. 1897లో కలకత్తాలో వేలిముద్రల కార్యాలయం వెలిసింది. పై అధికారి ఎడ్వర్డ్ హెన్రీ పేరు ఆ పద్ధతికి స్థిరపడిపోయింది. వీళ్ళిద్దరికీ మాత్రం ఎన్నాళ్ళకో బిరుదులు దక్కాయి. ఇంటి పని ఒకరిదీ, పేరు ఒకరిదీ అవడం మనకి కొత్త కాదనుకోండి.

ఇక్కడే నాకు అన్నిటికంటే నచ్చిన సంగతి ఉంది. డార్విన్‌కి చుట్టం ఒకాయన ఉన్నాడు, ఫ్రాన్సిస్ గాల్టన్. మనుషుల్లో మేలురకం, నాసిరకం అని ఏరాలని తపించినవాడు. వేలిముద్రలు చూడగానే ఆయనకి ఆశ పుట్టింది. ఇన్ని సుడులూ ఇన్ని గీతలూ ఉన్నాయి, వీటిలో జాతీ గుణమూ దొరక్కపోతాయా అని. ఇంగ్లీషువాళ్ళవీ, యూదులవీ, ఆఫ్రికావాళ్ళవీ, చదువుకున్నవాళ్ళవీ, కూలీలవీ, మతిస్థిమితం లేనివాళ్ళవీ, అన్నీ పక్కపక్కన పెట్టి చూశాడు. తేడా దొరకలేదు. 1892లో వేసిన పుస్తకంలో తన ఆశ అడియాస అయిందని ఒప్పుకున్నాడు.

కోట్లమందిలో ఒక్కర్ని పట్టివ్వగల గీతలు, ఆ ఒక్కరి గుణం గురించి నోరు విప్పనన్నాయి! ఇప్పుడు ఆధార్‌కి పదివేళ్ళూ కనుపాపలూ ఇచ్చి వస్తున్నాం. అదీ చెప్పేది 'ఈవిడ ఈవిడే' అనే. ఈవిడ కోడల్ని బాగా చూసుకుంటుందా లేదా అన్నది అందులో ఉండదు.

కోడలంటే గుర్తొచ్చింది, ఇంతసేపూ చెప్పకుండా దాటేస్తూ వచ్చినది. మా పెద్దవాడికి సంబంధాలు చూస్తున్న రోజుల్లో ఒక పిల్లని చూడ్డానికి వెళ్ళాం. కాఫీ పట్టుకొచ్చింది. నేను కప్పు అందుకున్నాను. నా చూపు మాత్రం కిందికి వెళ్ళింది. నేను పంపలేదు, అదే వెళ్ళింది. ఆ పిల్ల చిటికెనవేలు నేలకి ఆనలేదు. చిన్నప్పుడెప్పుడో మా నాయనమ్మ అది అరిష్టమన్న మాట చెవిలో గంటలా మోగింది. ఇంటికొచ్చాక, "ఏమిటో, మనసుకి కుదరలేదురా" అన్నాను. మావాడు నా మాట కాదనలేదు. వాళ్ళకి జాతకాలు కుదరలేదని ఫోను చేశాం. అప్పటికి కార్డుల రోజులు పోయాయి గదా!

2006లో ప్రిన్స్‌టన్ విశ్వవిద్యాలయంలో ఒక పరిశోధన జరిగింది. ముఖం ఫోటోని సెకనులో పదోవంతు చూపించి, ఈ మనిషి నమ్మదగినవాడేనా అని అడిగారు. జనం తడుముకోకుండా చెప్పేశారు. తర్వాత ఇంకాస్త ఎక్కువసేపు చూపించారు. అభిప్రాయం పెద్దగా మారలేదు. తమ అభిప్రాయం మీద నమ్మకం మాత్రం పెరిగిందట. నాకు ఆ కాఫీ కప్పు గుర్తొచ్చింది. ఇంకో గంట కూర్చున్నా నేను ఆ పిల్ల గురించి కొత్తగా తెలుసుకునేదేమీ లేదు. నా తీర్పు అప్పటికే అయిపోయింది.

ఆ పిల్ల చిటికెనవేలు నాకిప్పటికీ జ్ఞాపకం ఉంది. ఎంత తలుచుకున్నా మొహం గుర్తురావడం లేదు. ఏం చదివిందో, ఏం మాట్లాడిందో, నవ్విందో లేదో కూడా గుర్తులేదు. ఆ తర్వాత ఎన్నాళ్ళు కుచ్చెళ్ళ కింద పాదాలు దాచుకుని నడిచిందో ఏమో! మేనత్తగారిని ఇన్నేళ్ళు తిట్టుకున్నానుగాని, ఆవిడ కుర్చీలో కూర్చోగానే నేనూ ఆవిడనే అయిపోయాను.

మొన్న అట్లతద్దికి మా మనవరాలి కాళ్ళకి గోరింటాకు పెడుతున్నాను. పదేళ్ళ పిల్ల. "నానమ్మా, నా ఈ వేలు బొటనవేలికంటే పెద్దది, చూశావా? అచ్చం నీ వేలే!" అంది సంబరంగా. మంచాన పడుకున్న మావారు పేపరు కాస్త కిందికి దించి, "పాపం, ఎవడికి రాసిపెట్టి ఉందో" అన్నారు.

"అదేంటి తాతయ్యా?" అని అది అడుగుతూనే ఉంది. నేను ఆయనకేసి ఒక్క చూపు చూశాను. పేపరు మళ్ళీ పైకి లేచింది. ఆ వేలికి రెండు గోరింటాకు ముద్దలు ఎక్కువ పెట్టి, "ఏమీ లేదే, రేపు నువ్వు జాతరలో తప్పిపోతే ఈ వేలు చూసి నిన్ను గుర్తుపడతాను" అన్నాను.